అత్తింట్లో అందరి మీదా కేసు: కోర్టు ఎవర్ని ఉంచుతుంది, ఎవర్ని తప్పిస్తుంది?

2024 డిసెంబర్ 10న సుప్రీంకోర్టు, తెలంగాణ నుంచి వచ్చిన ఒక వరకట్న వేధింపుల కేసును మొత్తంగా కొట్టేసింది. భర్త, అత్తమామలు, ముగ్గురు ఆడపడుచులు, వీళ్లలో ఎవరి మీదా విచారణ అక్కర్లేదంది. రెండు రోజులు గడిచాయి. డిసెంబర్ 12న ఆంధ్రప్రదేశ్ నుంచి వచ్చిన ఇంకో కేసులో అదే కోర్టు, కట్నం ఊసు లేదు కాబట్టి ఇది, భార్య మీద అత్తింటి క్రూరత్వాన్ని శిక్షించే 498ఏ సెక్షన్ కిందికి రాదని హైకోర్టు కొట్టేసిన కేసును తిరిగి నిలబెట్టింది.

మొదటి తీర్పు వాట్సాప్ గ్రూపుల్లో కోడై కూసింది. సరిగ్గా ఆ రోజుల్లోనే బెంగళూరులో ఒక సాఫ్ట్‌వేర్ ఉద్యోగి ఆత్మహత్య మీద దేశమంతా చర్చ నడుస్తోంది. "ఇక అత్తింటి వాళ్ల మీద కేసులు చెల్లవట" అన్నారు. రెండో తీర్పు గురించి మాట్లాడినవాళ్లు తక్కువ.

రెండూ పక్కపక్కన పెట్టుకుని చదివితే కోర్టు వెతుకుతున్నది ఒకటేనని తెలుస్తుంది. ఫిర్యాదులో పేరున్న ఒక్కొక్క మనిషీ ఏం చేశాడని ఆ కాగితం చెబుతోంది? తికమక ఎక్కడ వస్తుందంటే, ఈ ప్రశ్నను అరెస్టు దగ్గర ఒకలా, హైకోర్టులో క్వాష్ (విచారణ లేకుండానే కేసు కొట్టేయడం) దగ్గర ఒకలా, కింది కోర్టు విచారణలో మరోలా అడుగుతారు. మూడు చోట్లా కొలబద్ద వేరు. మనం మూడింటినీ కలిపేసి "కోర్టు వదిలేసింది" అంటాం.

చట్టంలో ఉన్నదేమిటి

498ఏ అనేది భారత శిక్షాస్మృతిలోకి 1983 చివర్లో వచ్చింది. 2024 జులై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ న్యాయ సంహితలో ఇదే విషయం 85, 86 సెక్షన్లుగా ఉంది. నంబరు మారింది, సరుకు మారలేదు. జులై 1కి ముందు జరిగిన వాటికి పాత సెక్షనే పెడతారు. స్టేషన్లలో, కోర్టుల్లో, ఇళ్లలో ఇంకా అందరూ "ఫోర్ నైంటీ ఎయిట్ ఏ" అనే అంటున్నారు కాబట్టి ఇక్కడా అదే వాడుతున్నాను.

భర్త గానీ, భర్త బంధువు గానీ పెళ్లయిన స్త్రీని క్రూరంగా చూస్తే 3 ఏళ్ల దాకా జైలు, జరిమానా. క్రూరత్వానికి చట్టం రెండు అర్థాలు ఇచ్చింది. ఆమెను ఆత్మహత్యకు తోసేంతగా గానీ, ఆమె ప్రాణానికో శరీరానికో ఆరోగ్యానికో తీవ్ర హాని కలిగేంతగా గానీ కావాలని ప్రవర్తించడం మొదటిది. ఆరోగ్యం అంటే మానసిక ఆరోగ్యం కూడా. డబ్బు, ఆస్తి కోసం ఆమెనో ఆమె పుట్టింటివాళ్లనో ఒత్తిడి చేస్తూ వేధించడం రెండోది. ఈ రెంటి మధ్యా ఉన్నది "లేదా" అన్న మాట. ఒక్కటి ఉన్నా నేరమే. డిసెంబర్ 12 తీర్పు సారం అదే: కట్నం ప్రస్తావన లేకుండా కొట్టి హింసించినా ఈ సెక్షన్ వర్తిస్తుంది. "వరకట్న వేధింపుల చట్టం" అని పత్రికలు రాసీ రాసీ, కట్నం అడక్కపోతే కేసు లేదన్న అపోహ జనంలో పాతుకుపోయింది.

ఇక "బంధువు" ఎవరు? రక్త సంబంధం, పెళ్లి సంబంధం, దత్తత, ఈ మూడింట్లో ఏదో ఒకటి ఉండాలి. భర్తకు వేరే స్త్రీతో సంబంధం ఉందనుకుందాం. ఆమెను ఈ సెక్షన్ కింద బంధువుగా లెక్కపెట్టడానికి వీల్లేదని సుప్రీంకోర్టు 2009లో చెప్పింది. పక్కింటివాళ్లూ, సంబంధం కుదిర్చిన పెళ్లిళ్ల పేరయ్యా కూడా రారు. అయితే మేనమామలు, పినమామలు, తోడికోడళ్లు, ఆడపడుచు భర్తలు, అత్తగారి చెల్లెళ్లు అందరూ ఈ నిర్వచనంలో పడతారు. తెలుగు కుటుంబంలో వరసలకు కొదవేముంది?

ఈ కేసుల్లో సాధారణంగా పక్కన తగిలించే ఇంకో రెండు సెక్షన్లు 1961 నాటి వరకట్న నిషేధ చట్టంలోవి. కట్నం ఇవ్వడం, తీసుకోవడం సెక్షన్ 3. అడగడం సెక్షన్ 4. ఆంధ్రప్రదేశ్ అంతకంటే ముందే, 1958లోనే, సొంతంగా వరకట్న నిషేధ చట్టం చేసుకుంది. ఆ ముందుచూపు వల్ల మన దగ్గర కట్నాలు ఎంత తగ్గాయో పెళ్లిళ్లకు వెళ్లే ఎవరికైనా తెలుసు.

ఏ1 నుంచి ఏ6 వరకు

ఒక ఊహా కేసు తీసుకుందాం. అమ్మాయిది ఖమ్మం. పెళ్లయ్యాక కాపురం కూకట్‌పల్లిలో. అత్తమామలు ఏడాదిలో సగం రోజులు అక్కడే ఉంటారు. ఆడపడుచు పెళ్లయి విశాఖపట్నంలో ఉంది. భర్తగారి మేనమామది నిజామాబాద్. మూడేళ్లకు గొడవలు ముదిరి అమ్మాయి పుట్టింటికి వచ్చేసింది. ఖమ్మంలో ఫిర్యాదు ఇచ్చింది. కాపురం హైదరాబాద్‌లో చేసి ఖమ్మంలో కేసేమిటని అత్తింటివాళ్లు అడుగుతారు. పుట్టింటికి వచ్చి తలదాచుకున్న చోట కూడా కేసు పెట్టవచ్చని సుప్రీంకోర్టు ముగ్గురు న్యాయమూర్తుల బెంచి 2019లో తేల్చేసింది, కాబట్టి ఆ అభ్యంతరం నిలవదు.

ఎఫ్‌ఐఆర్‌లో నిందితుల వరుస ఇలా ఉంది: ఏ1 భర్త, ఏ2 అత్త, ఏ3 మామ, ఏ4 ఆడపడుచు, ఏ5 ఆమె భర్త, ఏ6 మేనమామ.

ఫిర్యాదు ఇలా ఉందనుకోండి: "పెళ్లయిన నాటి నుంచి ఏ1 నుంచి ఏ6 వరకు అందరూ కుమ్మక్కై అదనపు కట్నం తేవాలంటూ నన్ను శారీరకంగా, మానసికంగా హింసించారు." ఈ వాక్యం తెలుగు పాఠకులకు కొత్తది కాదు. జిల్లా పేజీల్లో రోజూ కనిపించేదే.

అదే అమ్మాయి ఇంకోలా చెప్పిందనుకుందాం: "రెండో ఏడాది సంక్రాంతికి అత్తారి ఊరు వెళ్లినప్పుడు మా అత్తగారు నా నల్లపూసలు, గాజులు తీసి బీరువాలో పెట్టారు. 10 లక్షలు తెస్తే ఇస్తామన్నారు. ఆ రాత్రే మామగారు మా నాన్నకు ఫోన్ చేసి ఫ్లాటుకు అడ్వాన్సు కట్టాలి, మీ వంతు పంపండి అన్నారు. పంపలేదని మా ఆయన మర్నాడు నన్ను కొట్టారు, ఆస్పత్రిలో చూపించుకున్నాను. ఆడపడుచు ఫోన్ చేసి, మా అన్నయ్య చెప్పినట్టు వినొచ్చు కదా అంది. మేనమామ పంచాయితీలో కూర్చుని సర్దుకుపొమ్మన్నాడు."

రెండు కాగితాల్లోనూ నేరం ఒకటే, మనుషులూ వాళ్లే. కోర్టుకు మాత్రం ఇవి రెండు వేర్వేరు కేసులు.

మొదటి మెట్టు: అరెస్టు

ఇక్కడ కోర్టు అడిగే ప్రశ్న చిన్నది. వీళ్లను ఇప్పుడే లోపల వేయాల్సిన అవసరం ఉందా?

ఒకప్పుడు శుక్రవారం సాయంత్రం కేసు పెడితే శని, ఆదివారాలు ముసలివాళ్లతో సహా అందరూ లోపలే ఉండేవారు, సోమవారం దాకా బెయిల్ దొరకదు అన్నది వకీళ్లందరికీ తెలిసిన చిట్కా. 2012లో ఒక్క ఏడాదే ఈ సెక్షన్ కింద దేశంలో 1,97,762 మందిని అరెస్టు చేశారు. అందులో 47,951 మంది ఆడవాళ్లు, అంటే చాలావరకు అత్తలు, ఆడపడుచులు. ఈ అంకెల్ని ముందు పెట్టుకుని సుప్రీంకోర్టు 2014 జులై 2న ఇచ్చినదే అర్నేష్ కుమార్ తీర్పు. 7 ఏళ్లకు మించని శిక్ష ఉన్న నేరాల్లో అరెస్టు ఎందుకు తప్పనిసరో పోలీసులు రాతపూర్వకంగా కారణాలు చూపాలి. అవసరం లేకపోతే హాజరు కమ్మని నోటీసు ఇవ్వాలి. పాత నేర విచారణ చట్టం సీఆర్‌పీసీలోని నంబరును బట్టి దాన్నే 41ఏ నోటీసు అంటారు. దాని స్థానంలో వచ్చిన కొత్త నాగరిక్ సురక్షా సంహితలో అది 35(3) అయింది. కారణాలు చూడకుండా రిమాండ్ రాసే మేజిస్ట్రేటు కూడా జవాబు చెప్పుకోవాలి.

మన ఊహా కేసులో ఆరుగురికీ బహుశా నోటీసులే వస్తాయి. అయితే నోటీసు రావడం అంటే కేసు పోవడం కాదు. ఆరుగురూ నిందితులే.

కేసు కట్టకముందే ఇంకో అంచె ఉంది. భార్యాభర్తల గొడవల్లో ఎఫ్‌ఐఆర్‌కు ముందు ప్రాథమిక విచారణ చేసుకోవచ్చని సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం 2013లోనే ఒప్పుకుంది. కొత్త చట్టంలో 173(3) సెక్షన్ ప్రకారం, 3 నుంచి 7 ఏళ్ల లోపు శిక్ష ఉన్న నేరాల్లో డీఎస్పీ అనుమతితో 14 రోజుల్లో ఆ విచారణ పూర్తి చేయవచ్చు. మన రెండు రాష్ట్రాల్లో మహిళా పోలీస్ స్టేషన్లు చేసే కౌన్సెలింగ్ ఈ దశలోనే ఎక్కువగా నడుస్తుంది. దాని మీద ఆడవాళ్లకున్న ఫిర్యాదు ఒకటే: దెబ్బలు తిని వస్తే మూడు వాయిదాలు కూర్చోబెట్టి సర్దుకోమంటారు. మగపిల్లాడి తల్లిదండ్రులకున్న ఫిర్యాదు ఇంకొకటి: విశాఖ నుంచి రమ్మని పిలిచి రోజంతా బెంచీ మీద కూర్చోబెడతారు. రెండూ నిజమే.

రెండో మెట్టు: క్వాష్

ఎక్కువ తికమక ఉన్నది ఇక్కడే.

హైకోర్టుకు ఒక ప్రత్యేక అధికారం ఉంది. పాత సీఆర్‌పీసీలో సెక్షన్ 482, ఇప్పుడు 528. కేసు నడపడమే అన్యాయం అనిపిస్తే మొదట్లోనే కొట్టేయవచ్చు. ఎప్పుడెప్పుడు కొట్టేయవచ్చో 1990లో హర్యానా మాజీ ముఖ్యమంత్రి భజన్‌లాల్ కేసులో సుప్రీంకోర్టు జాబితా ఇచ్చింది. ఈనాటికీ ఏ క్వాష్ పిటిషన్ తెరిచినా ఆ పేరు కనిపిస్తుంది.

ఈ మెట్టు మీద కోర్టు సాక్ష్యం తూచదు. ఫిర్యాదులో రాసినదంతా నిజమే అనుకుని చదువుతుంది. అలా అనుకున్నా ఈ మనిషి మీద నేరం కనిపిస్తోందా అని చూస్తుంది. "ఆవిడ అబద్ధం చెబుతోంది" అన్న వాదన ఇక్కడ పనికిరాదు, అది విచారణలో తేలాల్సిన సంగతి. పాస్‌పోర్టు ముద్రలాంటి ఎవరూ కాదనలేని కాగితం ఉంటే తప్ప నిందితుడి వైపు రుజువులు చూడరు.

ఈ కొలబద్దతో మన మొదటి ఫిర్యాదు చదవండి. అందరూ హింసించారు. అంతా నిజమే అనుకుందాం. ఆడపడుచు ఏం చేసింది? రాయలేదు. మేనమామ? రాయలేదు. నిజమనుకోవడానికి కూడా అక్కడ ఏమీ లేదు. వకీళ్లు వీటిని "ఓమ్నిబస్ ఆరోపణలు" అంటారు, అందర్నీ ఒకే బస్సు ఎక్కించేసినట్టు. అలాంటి ఫిర్యాదులో ఏ4, ఏ5, ఏ6 బయటపడటం దాదాపు ఖాయం. అసలు ప్రమాదం ఏమిటంటే అత్తమామలు, ఒక్కోసారి భర్త కూడా, అదే దారిలో బయటపడతారు. డిసెంబర్ 10 తీర్పులో జరిగింది అదే. తేదీ లేదు, సందర్భం లేదు, ఎవరేం చేశారో లేదు. ఆడపడుచులు వేరే ఊళ్లలో ఉంటున్నారు. విడాకుల కోసం భర్త నోటీసు పంపాక కేసు వచ్చింది. ఇవన్నీ కలిపి చూసి, ఇది ప్రతీకారంగా పెట్టిన కేసని కోర్టు నిర్ణయానికి వచ్చింది. అదే తీర్పులో జస్టిస్ బి.వి. నాగరత్న, జస్టిస్ ఎన్. కోటీశ్వర్ సింగ్ ఇంకో మాట కూడా రాశారు: క్రూరత్వానికి గురైన స్త్రీ నోరు మూసుకుని ఉండాలని మేం ఒక్క క్షణం కూడా అనడం లేదని. ఫార్వర్డులలో ఆ భాగం రాలేదు.

ఇప్పుడు రెండో ఫిర్యాదు. భర్త కొట్టాడు, ఆస్పత్రి చీటీ ఉంది. అత్త నగలు తీసి డబ్బు అడిగింది. మామ ఫోన్ చేసి డబ్బు అడిగాడు. ముగ్గురికీ పాత్ర ఉంది, సందర్భం ఉంది. మామ ఆ ఫోన్ చేశాడా లేదా అన్నది విచారణలో తేలాలి, హైకోర్టు ముందే తేల్చడానికి లేదు. 2015లో ఇలాంటి ఒక కేసులో హైకోర్టు అత్తమామల మీద కేసు కొట్టేస్తే, ఆరోపణలు స్పష్టంగా ఉండగా అలా చేయకూడదని సుప్రీంకోర్టు తిరిగి పంపింది. ఆడపడుచు మాట పుండు మీద కారమే గానీ, ఒక్క ఫోన్ కాల్లో అన్న సలహా నేరమయ్యే అవకాశం తక్కువ. ఏ5 గురించి ఒక్క ముక్క లేదు. మేనమామ పంచాయితీలో కూర్చున్నాడు, అంతే.

దూరపు వరసల విషయంలో సుప్రీంకోర్టు తీర్పుల్లో తెలుగు కేసులే చాలా ఉన్నాయి. 2018లో తెలంగాణ కేసులోనే భర్త మేనమామలను తప్పిస్తూ, దూరపు బంధువుల మీద కేసు నడిపేముందు జాగ్రత్తగా చూడమంది. 2025 ఫిబ్రవరి 7న మరో తెలంగాణ కేసులో అత్తగారి చెల్లెల్ని, ఆమె కొడుకును తప్పించింది. అక్కడ గమనించాల్సింది, ఆ ఉపశమనం కోర్టుకు వచ్చిన ఆ ఇద్దరికే. మిగతావాళ్ల సంగతి వేరే.

క్వాష్ అయ్యిందంటే ఆ మనిషి మీద ఆ కాగితం నిలవలేదని అర్థం. విచారణ జరిగి నిర్దోషి అని తేలడం వేరు. ఇంట్లో హింస జరగలేదని కోర్టు సర్టిఫికెట్ ఇవ్వడం అంతకన్నా వేరు.

ఎఫ్‌ఐఆర్ ఎంత వివరంగా ఉండాలి?

ఫిర్యాదు చేసిన ఆడవాళ్ల పక్షం వాదనలో బలం ఉన్నది ఇక్కడే. ఎఫ్‌ఐఆర్ అంటే విజ్ఞాన సర్వస్వం కాదని సుప్రీంకోర్టే ఎన్నోసార్లు చెప్పింది. దెబ్బలు తిన్న మనిషి ఏడుస్తూ వచ్చి స్టేషన్లో కూర్చున్నప్పుడు తేదీలు, తిథులు గుర్తుంటాయా? రోజూ వంటగదిలో జరిగే సూటిపోటి మాటలకు తేదీ ఏమిటి? తలుపులు వేసుకున్న ఇంట్లో సాక్షి ఎవరు?

దానికి తోడు, ఆ కాగితం చాలాసార్లు ఆమె రాసింది కాదు. స్టేషన్ బయట రాసిచ్చేవాడో, జూనియర్ వకీలో, పెద్దమనిషో రాస్తాడు. ఆమె గంటసేపు చెప్పిన నగల కథ, ఫోన్ కథ, గదిలో పెట్టి గడియ పెట్టిన కథ అన్నీ కలిపి "శారీరకంగా, మానసికంగా" అనే రెండు మాటల్లోకి కుదించేస్తాడు. పేర్లు మాత్రం పెంచుతాడు, రాజీకి దిగుతారని. నాకు అర్థమైనంతలో, ఈ నమూనా ఫిర్యాదు వల్ల ఎక్కువ నష్టపోయేది నిజంగా దెబ్బలు తిన్న ఆడపిల్లే. విశాఖ ఆడపడుచుకు ఒకటి రెండేళ్ల టెన్షన్, వకీలు ఫీజు. ఈ పిల్లకు అసలు కేసే పలచబడుతుంది.

అందుకే కొన్ని బెంచిలు ఎఫ్‌ఐఆర్ ఒక్కటే చూడకుండా తర్వాత పోలీసులు నమోదు చేసిన వాంగ్మూలాలు, ఛార్జిషీటు కూడా చూస్తాయి. కొన్ని ఎఫ్‌ఐఆర్ దశలోనే తేల్చేస్తాయి. ఒకే రకం వాస్తవాల మీద రెండు హైకోర్టులు, ఒకే హైకోర్టులో ఇద్దరు జడ్జీలు వేర్వేరుగా తేల్చడానికి ఇదొక కారణం. పోలీసులే ఛార్జిషీటులో కొన్ని పేర్లు తీసేస్తే దారి పూర్తిగా మూసుకుపోదు. విచారణలో వాళ్ల మీద సాక్ష్యం బయటపడితే కోర్టు మళ్లీ పిలవవచ్చు. పాత చట్టంలో అది సెక్షన్ 319, ఇప్పుడు 358.

ఆడపడుచు లాంఛనం కట్నమేనా?

ఉత్తరాది తీర్పుల్లో కనిపించని మెలిక ఒకటి మన పెళ్లిళ్లలో ఉంది. కట్నం మాట్లాడుకునేటప్పుడే ఆడపడుచు కట్నం, లాంఛనాలు అంటూ ఇంకో పద్దు రాస్తారు. పెళ్లి నాటికి అందులో బాకీ మిగిలితే దాని మీద ఏళ్ల తరబడి మాటలు నడుస్తాయి. ఆడపడుచు పేరు ఫిర్యాదుల్లోకి ఊరికే రాదు.

వరకట్న నిషేధ చట్టం రెండో సెక్షన్ చదివితే, పెళ్లికి సంబంధించి వధూవరులకే కాదు, "ఇంకెవరికైనా" ఇచ్చిన ఆస్తి కూడా కట్నమే. కాబట్టి అడిగి, బేరమాడి పుచ్చుకున్న ఆడపడుచు లాంఛనం ఈ నిర్వచనంలో పడుతుంది. ఎవరూ అడక్కుండా ఆచారంగా పెట్టిన చీరలు, సారెలు, స్తోమతకు తగ్గట్టు ఉండి పట్టికలో రాసుకున్న కానుకలు పడవు. బారసాలకు, పురిటికి పెట్టే ఆచారపు ఖర్చుల్ని కట్నంగా లెక్కించకూడదని కూడా 2001లో సుప్రీంకోర్టు అంది.

మన ఏ4 దగ్గరికి వద్దాం. "అన్నయ్య చెప్పినట్టు విను" అని మాత్రమే అని ఉంటే ఆమె బయటపడుతుంది. "నా లాంఛనం 2 లక్షలు ఇంకా రాలేదు, మీ నాన్నకు చెప్పు" అని వాట్సాప్‌లో పెట్టి ఉంటే? విశాఖలో ఉన్నానన్న వాదన అప్పుడు అంతగా పనిచేయదు. వేరే ఊళ్లో ఉండటం ఒక సూచన మాత్రమే. 2010లో సుప్రీంకోర్టు, నవ్‌సారిలో ఉండే పెళ్లయిన ఆడపడుచును, మహారాష్ట్రలోని గోరెగావ్‌లో ఉండే మరిదిని కేసులోంచి తీసేసింది దూరం ఒక్కదాన్నే చూసి కాదు. వాళ్ల మీద నిర్దిష్టంగా ఏమీ లేకపోవడం కూడా తోడైంది.

కాపురం అమెరికాలో, కేసు ఇక్కడ

అల్లుడు డాలస్‌లో, అత్తమామలు విజయవాడలో అయితే ఇంకో చిక్కు. దేశం బయట భారతీయుడు చేసిన నేరాన్ని ఇక్కడ విచారించాలంటే కేంద్ర ప్రభుత్వ అనుమతి కావాలి. 2011లో ఆంధ్రప్రదేశ్ కేసు ఒకటి సుప్రీంకోర్టుకు వెళ్లింది, కాపురం ఆఫ్రికాలోని బోట్స్వానాలో. మిగతా కుటుంబ సభ్యుల మీద కేసును హైకోర్టు అప్పటికే కొట్టేసింది. బోట్స్వానాలో జరిగిన వేధింపుల మీద భర్తను విచారించడానికి కేంద్రం అనుమతి కావాలని, ఇక్కడ జరిగిన కట్నం వ్యవహారం మీద మాత్రం అనుమతి లేకుండానే కేసు నడపవచ్చని సుప్రీంకోర్టు చెప్పింది. భర్త చేతికందని ఇలాంటి కేసుల్లో ఊళ్లో ఉన్న అత్తమామల మీదే భారమంతా పడుతుంది. వాళ్లు అమెరికాలో రెండు నెలలు ఉండి వచ్చారా, అక్కడేం జరిగింది, ఇక్కడేం జరిగింది అన్న విభజన మీద కేసు నిలవడమో పడటమో ఉంటుంది.

పక్కనున్న రెండు చట్టాలు

గృహహింస చట్టం 2005 ప్రధానంగా సివిల్ స్వభావం ఉన్నది. రక్షణ, ఇంట్లో ఉండే హక్కు, భరణం, పరిహారం అడగడానికి. జైలు శిక్ష దాని లక్ష్యం కాదు, ఉత్తర్వు మీరితేనే ఆ మాట వస్తుంది. 2016 వరకు అందులో ప్రతివాదిగా వయోజనుడైన మగవాణ్ని చూపాలన్న మాట ఉండేది. సుప్రీంకోర్టు దాన్ని కొట్టేయడంతో అత్త, ఆడపడుచుల మీద కూడా వేయడానికి అడ్డు లేకుండా పోయింది.

వరకట్న మరణం వేరే లోకం. పెళ్లయిన 7 ఏళ్లలోపు అసహజంగా చనిపోయి, చావుకు ముందు కట్నం కోసం వేధింపులు జరిగాయని తేలితే, కనీసం 7 ఏళ్ల నుంచి యావజ్జీవం దాకా శిక్ష. అప్పుడు కాదని నిరూపించుకోవాల్సిన భారం నిందితుల మీద పడుతుంది. 498ఏ ఒక్కటే పెట్టిన కేసులో ఫిర్యాదుదారుకు అలాంటి వెసులుబాటు లేదు. అంత ఘోరమైన కేసుల్లో కూడా, భర్త తప్ప మిగతా బంధువుల పాత్రను విడివిడిగా నిరూపించాలని 2000లోనే సుప్రీంకోర్టు హెచ్చరించింది.

కమిటీలు వచ్చాయి, పోయాయి, మళ్లీ వచ్చాయి

2017 జులైలో సుప్రీంకోర్టు ఇద్దరు న్యాయమూర్తుల బెంచి, ప్రతి జిల్లాలో కుటుంబ సంక్షేమ కమిటీలు పెట్టి, వాటి నివేదిక వచ్చేదాకా మామూలుగా అరెస్టులు వద్దంది. చట్టంలో లేని వడపోతను కోర్టు ఎలా సృష్టిస్తుందని గొడవైంది. 2018 సెప్టెంబర్‌లో ముగ్గురు న్యాయమూర్తుల బెంచి ఆ కమిటీలను ఎత్తేసింది. అయితే 2025 జులై 22న, అలహాబాద్ హైకోర్టు 2022లో సొంతంగా ఇచ్చిన ఇలాంటి మార్గదర్శకాలు అమల్లో ఉంటాయని సుప్రీంకోర్టు మరో కేసులో చెప్పింది. ఎఫ్‌ఐఆర్ అయ్యాక రెండు నెలలు చల్లబడే గడువు, ఆలోపు కమిటీ మాటామంతీ అన్నవి వాటిలో ముఖ్యమైనవి. తొందరపాటు కేసులు వడపోతలో పోతాయని కొందరు, గాయాలతో వచ్చిన ఆడమనిషికి రెండు నెలలంటే ఎంతకాలమో తెలుసా అని ఇంకొందరు.

15 శాతం అంకెను ఎలా చదవాలి

498ఏ దుర్వినియోగం అవుతోందనేవాళ్లు ముందుగా చూపేది అర్నేష్ కుమార్ తీర్పులో ఉన్న అంకె. 2012 లెక్కల్లో 93.6 శాతం కేసుల్లో ఛార్జిషీటు పడింది, శిక్ష పడింది 15 శాతానికే. 2005లో ఈ సెక్షన్ రాజ్యాంగబద్ధమేనని నిలబెట్టిన తీర్పులోనే, దుర్వినియోగం అయితే అది "లీగల్ టెర్రరిజం" అవుతుందన్న మాట ఉంది. వాళ్లు దాన్నీ ఉదహరిస్తారు. అవతలివాళ్లు చూపే లెక్కలు వేరు. 2022లో దేశంలో స్త్రీలపై నమోదైన నేరాల్లో 31.4 శాతం భర్త, అతని బంధువుల క్రూరత్వానివే. వరకట్న మరణాలు ఏటా ఇంకా 6 వేలకు పైనే.

శిక్ష తక్కువ పడింది కాబట్టి మిగతావి అబద్ధం అనడానికి ముందు, ఈ కేసులు ఎలా ముగుస్తాయో చూడాలి. కేసు నాలుగేళ్లో ఆరేళ్లో సాగుతుంది. ఈలోగా విడాకుల కేసు, భరణం కేసు, పిల్లాడి కస్టడీ కేసు పక్కన నడుస్తుంటాయి. పెద్దమనుషులో, లోక్ అదాలత్ వాళ్లో ఒక మొత్తానికి ఒప్పిస్తారు. 498ఏ సొంతంగా రాజీపడే నేరం కాదు. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ 2003లో సీఆర్‌పీసీకి సవరణ చేసుకుని, కోర్టు అనుమతితో, అడిగిన నాటి నుంచి కనీసం 3 నెలలు ఆగి రాజీపడే వీలు కల్పించింది. చాలా రాష్ట్రాల్లో అదీ లేదు. అందుకే రాజీ కుదిరాక కొందరు హైకోర్టులో క్వాష్ చేయించుకుంటారు, దానికి సుప్రీంకోర్టు 2003 నుంచే ఒప్పుకుంది. మిగతావాళ్లు ఇంకో దారి పడతారు. సాక్షి బోనులో నిలబడి భార్య "నాకేం గుర్తులేదు, మేం రాజీపడ్డాం" అంటుంది. ప్రాసిక్యూషన్ ఆమెను ఎదురుతిరిగిన సాక్షిగా ప్రకటిస్తుంది. తీర్పు: నిందితులు ఏ1 నుంచి ఏ6 వరకు నిర్దోషులు.

లెక్కల పుస్తకంలో అది ఒక శిక్షపడని కేసు. డబ్బు చేతికొచ్చాక మాట మార్చిన ఆమె, దెబ్బలు తిని విసిగి వదిలేసిన ఆమె, మొదటినుంచీ అబద్ధమే చెప్పిన ఆమె ముగ్గురూ ఆ పుస్తకంలో ఒకే గడిలో ఉంటారు.